దేవుడు లేడన్న మేష్టారు

ఈ రోజు నా పుస్తకం ప్రూఫులు చూసుకోవడానికి నరసరావుపేటలో డీటీపీ షాపుకి వెళ్లాను. పాశ్చాత్య తత్వశాస్త్ర చరిత్రను మామూలు పాఠకుల కోసం తేలిక తెలుగులో రాశాను. స్క్రీన్ మీద ‘దేవుడు లేడన్న జర్మన్ మేష్టారు’ అని అధ్యాయం పేరు కనబడుతోంది.

పెద్దకర్మ కార్డులు వేయించడానికి వచ్చిన ఒక భారీ మనిషి దాన్ని పైకి చదివి, “ఎవరు రాసింది ఇది?” అన్నాడు.

“నేనేనండీ,” అన్నాను, తలుపు ఎంత దూరముందో చూసుకుంటూ.

“ఆ మేష్టారింట్లో ఎవరన్నా పోయారా ఏంది?”

“చిన్నప్పుడే తండ్రి పోయాడండీ.”

“అట్టయితే అంటాడులే,” అని, కార్డులో వేయమని తన భార్య ఫొటో ఆపరేటర్ చేతికిచ్చాడు.

ఆ తండ్రి సంగతి నేను పుస్తకంలో రాయనేలేదు. చదివేవాళ్లు ఇలాంటి దుఃఖంతో వస్తారని తోచనేలేదు. ఇప్పుడు ఆ అధ్యాయం ముట్టుకోవాలంటేనే భయంగా ఉంది. మీరైతే ఆ తండ్రి సంగతి చేరుస్తారా, ఉన్నది ఉన్నట్టు వదిలేస్తారా?