శనివారం ఆడని బాబాయి

నా చిన్నప్పుడు మేము ఒంటారియోలో ఒక చిన్న కాలేజీ ఊళ్ళో ఉండేవాళ్ళం. నాకప్పుడు తొమ్మిదేళ్ళు. మా బాబాయి మా ఇంట్లోనే ఉంటూ ఆ కాలేజీలో చదువుకునేవాడు, అక్కడి ఫుట్‌బాల్ జట్టులో ఉండేవాడు. ఇక్కడ ఫుట్‌బాల్ అంటే కాలితో తన్నే ఆట కాదు. కోడిగుడ్డు ఆకారంలో ఉండే బంతిని చంకలో ఇరికించుకుని ఒకడు పరుగెత్తుతుంటే, అవతలివాళ్ళు మీదపడి పడగొట్టే ఆట. మనవాళ్ళలో ఆ ఆట ఆడేవాడు ఇంకొకడు ఉన్నాడని నేను వినలేదు.

అందుకే బడిలో గొప్పలకు పోయాను. మొదట మా బాబాయి జట్టులో ఉన్నాడన్నాను. అది నిజమే. తర్వాత్తర్వాత, ప్రతి శనివారం మ్యాచ్‌లో బంతి పట్టుకుని దూసుకుపోయేది మా బాబాయే అన్నాను. అది శుద్ధ అబద్ధం. ఆ ఏడు అప్పటిదాకా మా కాలేజీ ఆడిన ప్రతి మ్యాచ్‌లోనూ ఓడింది, బాబాయి ఒక్కదానిలోనూ మైదానంలో అడుగు పెట్టలేదు. మైదానం పక్క గీత అవతల నిలబడి తనవాళ్ళను పేరుపేరునా కేకేసి ఉత్సాహపరిచేవాడు, అంతే. మంగళవారం నుంచి శుక్రవారం దాకా మాత్రం రోజూ సాయంత్రం కుంటుకుంటూ ఇంటికి వచ్చేవాడు. మా అమ్మ అతని మోచేతులకు మందు రాస్తూ, "మ్యాచ్ ఆడనివాడికి ఇన్ని దెబ్బలేమిటయ్యా" అని విసుక్కునేది. అతను నవ్వి రెండో మోచెయ్యి చాపేవాడు.

సీజన్‌లో చివరి మ్యాచ్ దగ్గర పడింది. మా క్లాసు అమ్మాయిలిద్దరు, మీ బాబాయి ఆట చూడ్డానికి మేమూ వస్తామన్నారు. సరే రమ్మన్నాను. శుక్రవారం సాయంత్రం బాబాయి మోకాలి మీద ఐసు పెట్టుకుని కూర్చుని ఉంటే, పక్కన చేరి, ఏడుస్తూ ఉన్నదంతా చెప్పేశాను. తిడతాడనుకున్నాను.

"తీసుకురా వాళ్ళని. నా సంగతి నేను చెప్తా, నీ సంగతి నువ్వు చెప్పుకో. ఓకే?" అన్నాడు. తర్వాత, "రేపు అవతలి టీమ్‌లో ఇరవై రెండో నంబర్ వాడున్నాడు చూడు, వాణ్ణి వాచ్ చేస్తూ ఉండు" అన్నాడు.

శనివారం వానలో సన్నటి మంచు కలిసి పడుతోంది. ఆ ఇరవై రెండో నంబరువాడు పాదరసంలా ఉన్నాడు. అయినా మావాళ్ళు ఎలాగో నెట్టుకొచ్చారు. చివరి నిమిషానికి మేము మూడు పాయింట్లు ముందున్నాం, బంతి మాత్రం వాళ్ళ చేతిలో, మా వైపు చివరి గీతకు నాలుగడుగుల దూరంలో ఉంది. బంతితో ఆ గీత దాటితే గెలుపు వాళ్ళదే. ఇరవై రెండో నంబరువాడు బంతి అందుకుని ఎడమకు ఉరికాడు. మావాళ్ళంతా అటే పరుగెత్తారు. వాడు చటుక్కున కుడికి మళ్ళాడు. అక్కడ మా జట్టులో అందరికంటే లావుపాటివాడు, వాడు వస్తాడని ముందే తెలిసినట్టు కాచుకుని ఉన్నాడు. ఇద్దరూ బురదలో పడ్డారు. ఆట ముగిసినట్టు ఈల మోగింది. ఆ ఏడు మొదటిసారి గెలిచాం.

ఆ లావుపాటివాడు లేచి, తనవైపు చేతులు చాచిన వాళ్ళందరినీ దాటుకుంటూ, గీత అవతల ఉన్న మా బాబాయి దగ్గరికి పరుగెత్తి, అతన్ని అమాంతం ఎత్తేశాడు.

"అతను అసలు ఆడలేదుగా?" అంది నా స్నేహితురాళ్ళలో ఒకతె ఇంగ్లీషులో.

బాబాయి మేము నిలబడ్డ కంచె దగ్గరికి వచ్చాడు. "నేను శనివారాలు ఆడను," అని ఆ పిల్లలతో ఇంగ్లీషులోనే చెప్పాడు. "వారమంతా ప్రాక్టీసులో అవతలి టీమ్‌వాడిలా ఆడతాను. ఈ వారం ఇరవై రెండో నంబర్ నేనే. వాడు ఎక్కడ ఎలా మళ్ళుతాడో వాడి పాత మ్యాచ్‌ల ఫిల్ములో చూసి, అచ్చం అలాగే పరుగెత్తాను. ఆ లావుపాటివాడు నన్ను నలభై సార్లు పడగొట్టుంటాడు. అందుకే ఇవాళ అసలువాణ్ణి ఒక్కసారి పడగొట్టగలిగాడు."

ఆ మాటల్లో సిగ్గూ లేదు, డాబూ లేదు. చెప్పడం అయ్యాక నా వైపు చూశాడు. నేను తల వంచుకుని, మీకు అబద్ధం చెప్పానని ఆ అమ్మాయిలతో అన్నాను. ఒకతె వారం రోజులు నాతో మాట్లాడలేదు. రెండోది మాత్రం ఆ మళ్ళడం ఎలాగో నేర్పమని బాబాయిని అడిగింది. కుంటుతున్న కాలితోనే ఆ తడి గడ్డిలో మా ఇద్దరికీ నేర్పాడు. ముగ్గురం బోర్లాపడ్డాం.

మరుసటి ఏడు జట్టు నాలుగు మ్యాచ్‌లు గెలిచింది. బాబాయి శనివారాలన్నీ గీత అవతలే గడిచాయి. నేను పెద్దదాన్నై వాటర్లూలో ఒక ఆస్పత్రిలో ముప్ఫై ఏళ్ళు పనిచేసి రిటైరయ్యాను. మొన్న ఒకరింట్లో భోజనాలకు వెళితే, ఎవరో అమ్మాయి, "ఆంటీ, మీరు హాస్పిటల్‌లో డాక్టరా?" అని అడిగింది. కాదమ్మా, ఆపరేషన్‌కు వాడే పనిముట్లు కడిగి, శుభ్రం చేసి, వరసగా సర్ది పంపేదాన్ని అన్నాను. ఆ మాట చెప్పేటప్పుడు నా గొంతు ఇప్పటికీ తగ్గదు.