బ్రేకుల అత్తయ్య సాక్ష్యం

బ్రేకుల అత్తయ్య జన్మలో స్టీరింగు ముట్టుకోలేదు. అయినా ఆమె ఎక్కిన బండిని మరొకరు నడిపిన దాఖలా లేదు. వెనక సీట్లో కూర్చుని "గేరు మార్చండి", "హారను కొట్టండి", "కాస్త ఎడమకి" అంటూనే ఉంటుంది. ఒకసారి రైలు కిటికీలోంచి ఇంజను వైపు చెయ్యి ఊపుతూ, "మెల్లిగా నాయనా" అని కేకేసిందట. లిఫ్టు ఎక్కినా కుడికాలు నేలకేసి నొక్కుతుంది.

ఈ సేవకు పూర్తిగా బలైనవాడు ఆమె అల్లుడు, బడిలో లెక్కలు చెప్పే కళ్ళజోడు మాస్టారు. కొత్తగా కారు కొన్నాడు. "కారు మీదే, నడిపేది మా అమ్మ" అని భార్య నవ్వేది. అతనికి నవ్వొచ్చేది కాదు.

ఒక ఆదివారం ముందు సీట్లో పక్కింటి వడ్రంగిని, వెనక అత్తయ్యను ఎక్కించుకుని కలప అడితికి బయలుదేరాడు. రైల్వే గేటు దాటగానే మలుపు. "అల్లుడుగారూ, వేగం తగ్గించండి" అంది అత్తయ్య. పొద్దుటి నుంచి విని విని విసిగిపోయిన అల్లుడు ఆ ఒక్కసారి వినలేదు. కారు గుంతలోకి దిగి పక్కకు ఒరిగింది. అత్తా అల్లుళ్ళకు గీతలతో పోయింది. వడ్రంగికి కుడిచెయ్యి విరిగింది. ఆ చెయ్యే అతని బతుకు.

అల్లుడు కిటికీలోంచి పాకి సాయం కోసం పరుగెత్తాడు. జనం వచ్చేసరికి ఒరిగిన కారులో వడ్రంగి స్టీరింగు వైపు జారిపోయి ఉన్నాడు. ఇన్సూరెన్సు కంపెనీకి అదే దొరికింది. "కారు నడిపింది వడ్రంగే. తప్పు తనదే. పరిహారం ఇవ్వం" అంది. నడిపింది నేనని అల్లుడు కోర్టులో మొత్తుకున్నా, పక్కింటివాడి కోసం అబద్ధమాడుతున్నాడని కంపెనీ లాయరు కొట్టిపారేశాడు.

చివరికి అత్తయ్య బోనెక్కింది.

"ఆ రోజు కారు నడిపిందెవరమ్మా?" అన్నాడు కంపెనీ లాయరు.

"నేనే."

వడ్రంగి తరఫు లాయరు తల పట్టుకున్నాడు.

"మరి స్టీరింగు ఎవరి చేతిలో ఉంది?" అని జడ్జిగారు అడిగారు.

"అదా, అల్లుడుగారి చేతిలోనే ఉందండి. ఊరికే పట్టుకుంటారు."

జడ్జిగారు నవ్వు ఆపుకోవడానికి కాగితాలు సర్దుకున్నారు.

"మీవాళ్ళు కాకుండా ఇంకెవరైనా చూశారా?" లాయరు వదల్లేదు.

"ఎందుకు చూడలేదు? గేటు దగ్గర పక్కనే లారీ ఆగింది. టైరు సరిగా లేదని ఆ డ్రైవరుకీ చెప్పాను. లారీ తలుపు మీద తోకలేని నెమలి బొమ్మ ఉంది."

అల్లుడు సెలవు పెట్టి లారీలు ఆగే చోట్లన్నీ గాలించాడు. నెమలి దొరికింది. తర్వాతి వాయిదాకు వచ్చిన లారీ డ్రైవరు, అత్తయ్యను చూడగానే ఒకడుగు వెనక్కి వేశాడు.

"మర్చిపోతానా సార్? గేటు తెరిచేదాకా నాకు డ్రైవింగు నేర్పింది. స్టీరింగు దగ్గరున్న ఆ కళ్ళజోడాయన్ని 'ఎలా భరిస్తున్నావన్నా' అని అడిగాను. రెండు చేతులూ ఎత్తి దణ్ణం పెట్టాడు. ఈయన పక్క సీట్లో నవ్వుతున్నాడు" అని వడ్రంగిని చూపించాడు. "గేటు దాటి టైరు చూద్దామని దిగాను. నిజంగానే మేకు దిగింది. తలెత్తేలోపే మలుపులో చప్పుడు."

"మధ్యలో కారు ఆపి సీట్లు మారారా?" అన్నాడు కంపెనీ లాయరు.

"ఎక్కడాగుతుంది సార్?"

వడ్రంగి గెలిచాడు. అతని చేతికి మంచి వైద్యం చేయించే దారి దొరికింది.

ప్రమాదం తర్వాత అల్లుడు మళ్ళీ స్టీరింగు పట్టింది తీర్పు వచ్చిన ఆ రోజే. సీటు బెల్టు మూడుసార్లు సరిచూసుకున్నాడు. వెనక అత్తయ్య మాత్రం కొంగు నోటికి అడ్డం పెట్టుకుని కూర్చుంది.

"ఏమీ చెప్పరేం అత్తయ్యా?"

"నేను వాగితే ఇంకా కంగారు పడతారని."

ముందు సీట్లోని వడ్రంగి వెనక్కి తిరిగాడు. "చెప్పండమ్మా. ఆ గుంతలో నాకు స్పృహ తప్పుతుంటే 'కళ్ళు మూయకు, ఊపిరి పీల్చు, నన్నే చూడు' అని జనం వచ్చేదాకా నన్నూ నడిపారు. మీ గొంతు పట్టుకునే బయటపడ్డాను."

అల్లుడు కాసేపు అద్దంలో అత్తయ్యను చూశాడు. "మీరు చెప్తేనే నాకూ ధైర్యం" అంటూ యాక్సిలరేటరు నొక్కాడు. కారు మూలిగింది తప్ప కదల్లేదు.

అత్తయ్య కొంగు తీసింది.

"ముందు హ్యాండ్ బ్రేకు దించండి అల్లుడుగారూ."