ఐసీయూలో నా బదులు కూర్చున్న మనిషి

దయ్యాల మాట ఎవరైనా ఎత్తితే అక్కడినుంచి లేచిపోయే రకం నేను. కమలాపురం దగ్గర మా ఊర్లో అంగన్‌వాడీ టీచర్‌గా పనిచేస్తున్నాను. చనిపోయినవాళ్లు దేవుని దగ్గర ఉంటారని మా చర్చిలో చెబుతారు గానీ, తిరిగొస్తారని ఎవరూ చెప్పలేదు. నేనూ నమ్మలేదు.

మా ఆయనకు నేను రెండో భార్యను. మొదటి భార్య మార్తమ్మ జ్వరంతో పోయిన మూడేళ్లకు మా పెళ్లయింది. ఆమెను నేనెప్పుడూ చూడలేదు. అయినా ముగ్గురం కలిసి కాపురం చేస్తున్నట్టే ఉండేది. నేను సంగటి కెలికితే, మార్త చేస్తే ఉండలు కట్టేది కాదని మా అత్త అనేది. చర్చిలో నేను పాట ఎత్తుకుంటే ఆడవాళ్లు ఆమె గొంతు గుర్తొచ్చి ఒకరి ముఖం ఒకరు చూసుకునేవాళ్లు. ఆయన మాత్రం ఆమె పేరు ఒక్కసారి కూడా ఎత్తలేదు. నాకు అదే ఎక్కువ మంట. పైకి చెప్పనిది లోపల ఎంత ఉందో అనిపించేది.

నిరుడు ఆయనకు గుండెలో కవాటం పాడైంది. కర్నూలులో ఆపరేషన్ చేయించాం. మరుసటి రోజు మధ్యాహ్నం ఐసీయూలో కాసేపు కూర్చోవడానికి నన్నొక్కదాన్నే రానిచ్చారు. ఆయన ఛాతీలోంచి రక్తం బయటికి పోయే గొట్టం మంచం కిందున్న సీసాలోకి దిగింది. బీపీ తక్కువగా ఉందని, దాన్ని పెంచే మందు పంపుతో ఎక్కిస్తున్నామని నర్సమ్మ చెప్పింది. నేను ఆయన చెయ్యి పట్టుకున్నాను.

ఆయన సగం కళ్లు తెరిచాడు.

"మార్తా, వచ్చినావా? శానా సేపాయె" అన్నాడు.

మత్తులో అన్నాడని నాకు తెలుసు. అయినా చెయ్యి విడిపించుకుని బయటికొచ్చేశాను. మందుల షాపు పక్కన మెట్ల మీద కూర్చున్నాను. ఆమెనే పిలుచుకో, ఆమే వచ్చి చూసుకుంటుందిలే అని మనసులో అనుకున్నాను. ఆ మాట అనుకున్నట్టు ఇంతవరకూ ఎవరికీ చెప్పలేదు.

పావుగంటకు ఆ నర్సమ్మే వెతుక్కుంటూ వచ్చింది. బీపీ అరవైకి పడిపోయిందట. సెలైన్ ఎక్కించినా, మందు పెంచినా లేవలేదట. గొట్టం రక్తపు గడ్డలతో మూసుకుపోయి, రక్తం గుండె చుట్టూ చేరి నొక్కుతోందని, వెంటనే మళ్లీ ఛాతీ తెరవాలని డాక్టరు చెప్పాడు. సంతకం పెట్టాను. ఎక్కడ పెట్టానో కూడా చూడలేదు.

రెండు గంటల తర్వాత గడ్డలు తీసేశామని, బీపీ నిలబడిందని చెప్పారు. ఇంకొంచెం ఆలస్యమైతే దక్కేవాడు కాదన్నారు.

సాయంత్రం డ్యూటీ దిగిపోతూ నర్సమ్మ నా దగ్గరికి వచ్చింది.

"మీ అక్క యాడికి పాయెనమ్మా? ఆమెకు చెప్పి పోదామనుకుంటి."

"మా అక్క ఎవరు?"

"నువ్వు బయటికి పోయినంక ఆ కుర్చీలో కూర్చునింది గదా. సీసాలోకి రక్తం రావడం నిలిచిపోయింది సూడు పాపా అని ఆమే చెప్పె. అప్పుడు సూస్తి నేను. మా చెల్లెలు బయట మెట్ల మీద ఉండాది, పిల్చుకోని రా అనె."

నాకు అక్కలు లేరు. మనిషి ఎట్లా ఉందని అడిగాను. పొడుగ్గా, నల్లగా ఉందని, ఎడమ చేతి చిటికెన వేలు సగమే ఉందని చెప్పింది.

మార్తమ్మ వేలు గడ్డి కోసే మిషన్‌లో పడి తెగింది. ఆ సంగతి మా ఊర్లో అందరికీ తెలుసు. కర్నూలులో ఆ నర్సుకు ఎట్లా తెలుస్తుంది?

నేను ఊరుకోలేదు. వాచ్‌మన్ రాసుకునే పుస్తకం చూశాను. మా మంచం నంబరు ఎదురుగా నా పేరొక్కటే ఉంది. మిగతా రోగుల తాలూకు ఆడవాళ్ల చేతులు కూడా ఏదో ఒక వంకతో దగ్గరికి పోయి చూసొచ్చాను. అందరికీ పది వేళ్లూ ఉన్నాయి.

నిజం చెప్పాలంటే ఆ పొద్దు నాకు భయం వేయలేదు. కుళ్లు పుట్టింది. నేను అలిగి లేచొచ్చిన కుర్చీలో ఆమె కూర్చుంది. నేను చూడనిది ఆమె చూసింది. పైగా నన్ను చెల్లెలంది.

ఇంటికొచ్చిన నెలకు ఆయన మంచం మీద పడుకుని అడిగాడు.

"ఆపొద్దు ఆస్పత్రిలో నా చెయ్యి పట్టుకోని కూర్చునింది నువ్వేనా? ఒగరు నా పక్కన్నే ఉండి, పోవద్దు, పోవద్దు అంటానే ఉన్నెట్ల గుర్తు."

"నేనే" అన్నాను.

ఆయన తలూపి కళ్లు మూసుకున్నాడు.

ఆ కుర్చీలో ఎవరు కూర్చున్నారో నాకు ఈరోజుకీ తెలియదు. తోడుగా కూర్చున్నందుకు ఆమెకు దక్కాల్సిన ఆ ఒక్క మాట కూడా నేను లాక్కున్నానని మాత్రం తెలుసు. ఆయన మళ్లీ అడిగినా నేనే అని చెబుతాను.