బాల్టిక్ ఒడ్డున తమ్ముడితో: జర్మనీలోనే నార్తర్న్ లైట్స్ చూసిన రాత్రి

నార్తర్న్ లైట్స్ చూడాలంటే నార్వేకో ఐస్‌లాండ్‌కో పోవాలని నేనూ అనుకునేదాన్ని. ఆమధ్య ఒక రాత్రి జర్మనీ అంతటా ఆకాశం గులాబీ రంగుకు తిరిగిందని, స్టుట్‌గార్ట్ పక్కనున్న మా జిండెల్ఫింగెన్‌లో జనం నైట్‌డ్రెస్సుల మీదే వీధుల్లోకొచ్చి చూశారని తెల్లారాక వాట్సాప్‌లో చదివాను. మా బిల్డింగులో పైవాళ్లూ చూశారు, కిందివాళ్లూ చూశారు. మేం మాత్రం కిటికీల షట్టర్లు దించుకుని గాఢంగా నిద్రపోయాం. ఆ ఉక్రోషంతో వెతికితే తెలిసిందేమిటంటే, ఉత్తరాన బాల్టిక్ సముద్రం ఒడ్డున ఈ వెలుగు అప్పుడప్పుడు కనిపిస్తుంటుందట. రోస్టాక్ నుంచి గైడు వెంట వ్యాన్‌లో తీసుకెళ్లే టూర్లు కూడా ఉన్నాయి. వీటికి ముందుగా తేదీ ఉండదు. పేర్లు ఇచ్చి ఉంచితే, ఆకాశం అనుకూలంగా ఉండేలా కనిపించినప్పుడు ముందురోజు మెసేజ్ పంపుతారు. మనిషికి డెబ్బై యూరోలు. ఏమీ కనిపించకపోతే ఇంకో రాత్రి ఉచితంగా తీసుకెళ్తారు. నా పేరూ మావారు విజయ్ పేరూ ఇచ్చి, ఆ సంగతే మరిచిపోయాను.

మార్చిలో ఒక గురువారం సాయంత్రం మెసేజ్ వచ్చింది: రేపు రాత్రికి రాగలరా? సరిగ్గా అప్పుడే మా అబ్బాయి జోయెల్‌కు కీటా నుంచి, అంటే ఇక్కడి పిల్లల బడి నుంచి, తెచ్చుకున్న జ్వరం. వాడికి ఐదేళ్లు. "నేను వాడి దగ్గర ఉంటా. నా బదులు మీ తమ్ముణ్ణి తీసుకెళ్లు" అన్నాడు విజయ్. నేను వెంటనే ఊఁ అనలేకపోయాను.

కారణం చెప్పాలి. మా తమ్ముడు ఆనంద్ ఇంగోల్‌స్టాట్‌లో ఇంజనీరు, కార్ల బ్రేకుల మీద పని. మేం పెరిగింది బిట్రగుంట రైల్వే కాలనీలో. నాన్న గూడ్సు బండి డ్రైవరు. ఆనంద్‌కు ఊహ తెలిసినప్పటి నుంచి ఒకటే కోరిక, తానూ ఇంజను నడపాలని. లోకో పైలట్ రాతపరీక్ష మొదటిసారికే పాసయ్యాడు. మెడికల్‌కు వెళ్తే రంగురంగుల చుక్కల పుస్తకం తెరిచి అందులో ఉన్న అంకె చదవమన్నారు. వాడికి అక్కడ అంకే కనిపించలేదు. వాడి కళ్లు ఎరుపునూ ఆకుపచ్చనూ విడదీయలేవని ఇంట్లో అందరికీ, వాడితో సహా, తెలిసింది ఆ రోజే. ఆ తర్వాత చాలా రోజులు గదిలోంచి బయటికి రాలేదు. తేరుకుని ఎం.టెక్ చేశాడు, ఉద్యోగం తెచ్చుకున్నాడు, ఇక్కడికొచ్చాడు. కానీ వాడి ముందు రంగుల మాట ఎత్తకూడదని మా ఇంట్లో ఎవరూ చెప్పకుండానే ఒక కట్టుబాటు పడిపోయింది. చీర కొనుక్కున్నా సరే, వాడున్నప్పుడు "ఏ రంగు?" అని అమ్మ కూడా అడగదు.

ఇంకో కారణం కూడా ఉంది. అంతకు మూడు వారాల ముందు జోయెల్‌ను పిల్లల డాక్టరు దగ్గరికి మామూలు చెకప్‌కు తీసుకెళ్లాను. ఆవిడ అలాంటి చుక్కల బొమ్మలే తీసింది. మా వాడూ బొమ్మను కనుక్కోలేకపోయాడు. ఇది తల్లి వైపు నుంచి కొడుక్కు వస్తుందని, ఇందులో ఎవరి తప్పూ ఉండదని ఆవిడ నెమ్మదిగానే చెప్పింది. నాకు మాత్రం మొదటి సగమే వినిపించింది. విజయ్‌కు తప్ప ఎవరికీ చెప్పలేదు. పిల్లాడికి చెప్పకూడదని, మా వాళ్లకు, ముఖ్యంగా ఆనంద్‌కు తెలియనివ్వకూడదని గట్టిగా అనుకున్నాను.

అయినా ఆ గురువారం రాత్రి వాడికి ఫోన్ చేశాను. వాడు నవ్వాడు. "రంగులు చూసే టూర్‌కి నన్ను పిలుస్తున్నావా అక్కా? సర్లే, సముద్రమైతే చూస్తాగా. రేపు ఉర్లాబ్ పెట్టేస్తా" అన్నాడు. ఇక్కడ సెలవును మేమంతా అలాగే అంటాం.

శుక్రవారం పొద్దున ఏడింటికి స్టుట్‌గార్ట్‌లో రైలెక్కితే మధ్యాహ్నం ఒంటిగంట దాటాక బెర్లిన్‌లో దిగాను. ఆనంద్ ఇంగోల్‌స్టాట్ నుంచి నాకంటే ముందే వచ్చి ప్లాట్‌ఫారం చివర ఒక ఇంజను పక్కన నిలబడి ఉన్నాడు. అక్కడి నుంచి రోస్టాక్‌కు ప్రాంతీయ రైలు ఉంది, మూడు గంటల లోపే. నెలవారీ డాయిచ్‌లాండ్ టికెట్ ఉన్నవాళ్లకు ఆ రైలుకు వేరే ఖర్చు లేదు. ముందురోజు కొన్నాను కాబట్టి బెర్లిన్ దాకా మాత్రం నాకు ఎనభై యూరోలు పైనే అయింది. రైల్లో నేను తెచ్చిన పులిహోర, వాడు తెచ్చిన కోడిగుడ్ల వేపుడు తిన్నాం. దారి పొడుగునా చదునైన పొలాలు, మధ్య మధ్య చెరువులు. వాడు ఆఫీసు కబుర్లు చెబుతున్నాడు, నేను ఊఁ కొడుతున్నాను. "జోయెల్ గాడు ఎలా ఉన్నాడు?" అన్నాడు. "జ్వరం తగ్గింది" అని ఊరుకున్నాను.

రోస్టాక్ స్టేషను దగ్గర హాస్టల్లో బ్యాగులు పడేసి, ట్రాము ఎక్కి నది ఒడ్డున రేవు దాకా వెళ్లాం. అక్కడ పడవల్లోనే చేపల బన్నులు అమ్ముతారు. ఉల్లిపాయలు, ఊరవేసిన హెరింగ్ చేప పెట్టిన బన్ను ఐదు యూరోలు. పులుపూ ఉప్పూ బాగా తగిలి మన నోటికి నచ్చుతుంది. అమ్మే పెద్దాయన ఎక్కడి నుంచి వచ్చారని అడిగాడు. ధ్రువపు వెలుగు చూడటానికి వచ్చామని చెప్పాను.

"పుట్టినప్పటి నుంచి ఇక్కడే ఉన్నాను. నాలుగుసార్లు చూశాను, అదీ మా కుక్క పుణ్యమే. రాత్రిపూట దాన్ని బయటికి తిప్పాలి కదా" అన్నాడాయన.

"ఎలా ఉంటుంది?" అన్నాను.

"చల్లగా ఉంటుంది. టోపీ పెట్టుకోండి" అన్నాడు, ఇంకో బన్నులో చేప పెడుతూ.

ఎనిమిది గంటలకు స్టేషను వెనక వ్యాన్ వచ్చింది. గైడు పేరు హైకె. యాభై దాటిన మనిషి, తానే బండి నడుపుతుంది. మాతోపాటు కాసెల్ నుంచి వచ్చిన రిటైరైన దంపతులు, ముగ్గురు విద్యార్థులు. గంటకు పైగా ప్రయాణించి డార్స్ అనే ద్వీపకల్పానికి చేరాం. బండి ఆపిన చోటు నుంచి పైన్ చెట్ల మధ్య ఇరవై నిమిషాలు నడిస్తే ఉత్తరం వైపు తెరుచుకున్న సముద్రతీరం వస్తుంది. కళ్లు చీకటికి అలవాటుపడాలని తెల్లలైటు వెయ్యనివ్వరు. హైకె అందరికీ తలా ఒక ఎర్ర టార్చి ఇచ్చింది.

నడక మొదలైన కొద్దిసేపటికే ఆనంద్ ఒక చెట్టు వేరు తగిలి తూలాడు. మళ్లీ ఇంకోసారి. మూడోసారి ఆగిపోయి, "అక్కా, ఈ ఎర్ర వెలుతురు నాకు సరిగా ఆనట్లేదు. చాలా మసగ్గా ఉంది" అన్నాడు.

ఇన్నేళ్లలో వాడు ఆ విషయం నవ్వులాటకు కాకుండా నాతో అనడం అదే మొదలు. "నా భుజం మీద చెయ్యి వెయ్యి" అన్నాను. అలాగే నడిచాం. వాడి చెయ్యి బరువుగా భుజం మీద ఉంటే, నాకు లోపల దాచుకున్నది దాచుకోవడం కష్టమైపోయింది.

ఒడ్డుకు చేరేసరికి ఉత్తరాన మబ్బు. ఆ మబ్బు కదులుతుందనీ, కాసేపు చూద్దామనీ హైకె ఫ్లాస్కులోంచి అందరికీ అల్లం టీ పోసింది. చలి ఎముకల్లోకి దిగుతోంది. మేమిద్దరం ఒక కొయ్య దుంగ మీద మిగతావాళ్లకు కొంచెం ఎడంగా కూర్చున్నాం. అప్పుడు చెప్పేశాను. డాక్టరు దగ్గర జరిగింది, నేను ఎవరికీ చెప్పనిది, అంతా.

ఆనంద్ లేచి నీళ్ల అంచు దాకా వెళ్లాడు. అక్కడే చాలాసేపు నిలబడ్డాడు. చెప్పి తప్పు చేశానా అనిపించింది. తిరిగొచ్చి, కూర్చోకుండానే అడిగాడు. "వాడికి చెప్పారా?"

"లేదు. చెప్పం కూడా. చిన్నపిల్లాడు, వాడి మనసులో ఇది ఎందుకు నాటాలి?"

"ఎప్పటికీ చెప్పరా?"

"సమయం వచ్చినప్పుడు అదే తెలుస్తుంది కదరా."

"నాకు అలాగే తెలిసింది." గొంతు పెంచలేదు, కానీ మాటలు తెగిపడుతున్నాయి. "నీకు గుర్తుందా అక్కా, అమ్మ పండుమిరపకాయలు ఏరమనేది. పచ్చివి ఓ పక్క, పండువి ఓ పక్క. నేను రెండూ కలిపేసేవాణ్ణి. బద్ధకం వెధవ అని తిట్టేది. నేనూ అదే నమ్మాను, నాకు బద్ధకమేనని. ఇరవై రెండేళ్లొచ్చాక, లైన్లో నా వెనకాల అంతమంది చూస్తుండగా, ముక్కూ మొహం తెలియని మనిషి పుస్తకం మూసేసి 'నెక్స్ట్' అన్నాడు. ఉద్యోగం పోయిందని కాదు నా బాధ. నా గురించి నాకే తెలియని సంగతి ఆయనకి ముందు తెలిసింది. పదేళ్లప్పుడే తెలిసుంటే ఏడ్చేవాణ్ణేమో, ఏడ్చి వేరే కోరిక ఏదో పెంచుకునేవాణ్ణి."

"నా వల్లే కదరా వాడికొచ్చింది" అన్నాను.

"అమ్మ వల్లే కదా నాకొచ్చింది. అమ్మని ఎప్పుడన్నా అన్నానా?" అంటూ పక్కన కూర్చున్నాడు. నా టీ కప్పు తీసుకుని ఒక గుక్క తాగి మళ్లీ ఇచ్చాడు.

మబ్బు కొంచెం కొంచెంగా తూర్పుకు జరిగింది. సముద్రం మీద ఆకాశం ఖాళీగా కనిపించింది. "అక్కా, అది మబ్బు కాదు" అన్నాడు ఆనంద్ ఉన్నట్టుండి. వాడు చూపించిన వైపు నాకు పల్చటి పొగలాంటి చారే కనిపించింది, నీళ్లకు కాస్త పైన వంపుగా. "మబ్బయితే వెనక నక్షత్రాలు కనపడవుగా. దీంట్లోంచి కనపడుతున్నాయి చూడు." హైకెను పిలిచాను. ఆమె కెమెరా అటు తిప్పి కొన్ని సెకన్లు ఆగి, తెర మా వైపు పెట్టింది. తెర మీద చిక్కటి ఆకుపచ్చ వంపు.

అందరూ చేరారు. కాసెల్ ఆవిడ ఆకాశాన్నీ తెరనూ మార్చి మార్చి చూసి, "నాకు బూడిద రంగే కనిపిస్తోందే? కళ్లజోడు తప్పా?" అని బెంగపడింది. వెలుగు ఇంత పల్చగా ఉన్నప్పుడు మనిషి కన్ను చీకట్లో రంగు పట్టుకోలేదనీ, కెమెరా వెలుగును పోగుచేసుకుంటుంది కాబట్టి దానికి రంగు తెలుస్తుందనీ హైకె వివరించింది. ఆనంద్ జర్మన్‌లో అడిగాడు: "అంటే, ఇక్కడ అందరికీ బూడిద రంగేనా?"

"అందరికీ" అంది హైకె.

వాడు పెద్దగా నవ్వాడు. కాసెల్ ఆవిడకు ఎందుకో తెలియకపోయినా తానూ నవ్వేసింది.

ఆ తర్వాత ఓ పావుగంట అసలైన వెలుగు వచ్చింది. వంపు మీద నుంచి నిలువుగా స్తంభాలు లేచాయి, ఒకటి చిక్కబడుతుంటే ఇంకోటి పలచనవుతూ. ఈసారి నా కంటికి పైభాగంలో సన్నగా ఎరుపు తగిలింది. అలవాటు కొద్దీ నోరు మూసుకున్నాను.

"నీకేం కనపడుతోందో చెప్పక్కా" అన్నాడు.

చెప్పాను. "పైన కొంచెం ఎరుపుంది. గట్టి ఎరుపు కాదు, తెల్లగుడ్డకి కుంకుమ అంటితే ఉతికాక మిగిలే మరకలాగ. కింద ఆకుపచ్చ ఉందో లేదో అన్నట్టుంది."

"నాకు ఎరుపు లేదు. కానీ అవి నడుస్తున్నాయి చూడు, ఎడమ నుంచి కుడికి. మధ్యది ఇప్పుడు ఆరిపోతుంది" అన్నాడు. నిజంగానే ఆరిపోయింది. వాడు ఏది లేస్తుందో, ఏది ఆరుతుందో చెబుతుంటే, నేను వాటి రంగులు చెబుతూ పోయాను. మళ్లీ మబ్బు కమ్మేదాకా అలాగే చూశాం.

రోస్టాక్ చేరేసరికి రాత్రి ఒంటిగంట దాటింది. పొద్దున ఇద్దరం బెర్లిన్ దాకా వచ్చి, అక్కడి స్టేషన్లో వీడ్కోలు చెప్పబోతే, "నేనూ మీ ఇంటికొస్తున్నా" అన్నాడు ఆనంద్. వాడు చవగ్గా కొన్న ఇంగోల్‌స్టాట్ టికెట్ మార్చడానికి వీల్లేనిది, అది వదిలేసి కొత్తది కొన్నాడు. శనివారం సాయంత్రం మా వంటింటి బల్ల దగ్గర జోయెల్‌ను ఒళ్లో కూర్చోబెట్టుకుని ఆనందే మొదలుపెట్టాడు. "ఒరేయ్, నీకూ నాకూ ఒకటే రకం కళ్లురా. కొన్ని రంగులు మనకి ఒకేలా కనపడతాయి. మీ అమ్మకీ నాన్నకీ వేరేగా కనపడతాయి." జోయెల్ నా వైపు చూశాడు. నేను అవునన్నట్టు తలూపాను. ఏడుస్తాడేమోనని వాడి మొహం వైపే చూస్తున్నాను. వాడు కాసేపు ఆలోచించి, మావయ్యను జర్మన్‌లో ఒకే ఒక ప్రశ్న అడిగాడు: "మరి నేను పొక్లెయిన్ డ్రైవర్ అవ్వొచ్చా?"

"తెలీదురా. సోమవారం ఫోన్ చేసి కనుక్కుందాం. కాకపోతే ఇంకేం కావాలో ఆలోచించుకోడానికి నీకు బోలెడు టైముంది" అన్నాడు ఆనంద్. జోయెల్ సరేనని దిగి ఆడుకోడానికి వెళ్లిపోయాడు. నేను వారాల తరబడి మోసిన బరువు దించుకోడానికి వాడికి అంతసేపే పట్టింది.

జర్మనీలో ఈ వెలుగు పోస్టర్లలో ఉన్నట్టు ఉండదు. తక్కువ ఎత్తులో, తక్కువసేపు, మీ కంటికి చాలావరకు బూడిద రంగులోనే కనిపిస్తుంది. అది ముందే తెలుసుకుని వెళ్తే నిరాశ ఉండదు. పిల్లాణ్ణి కాపాడుతున్నాననుకుంటూ నేను నా భయాన్నే కాపాడుకున్నానని ఆ దుంగ మీద కూర్చున్నాక గాని నాకు అర్థం కాలేదు. చీకట్లో, ఒకరి మొహం ఒకరికి కనిపించని చోట, అందరం ఒకే వైపు చూస్తూ కూర్చుంటే కొన్ని మాటలు సులువుగా బయటికొస్తాయి. ఇంట్లో, లైట్ల కింద, అవి రావు.

వెళ్లాలనుకునేవాళ్లకు ఒక్క సలహా. వెళ్లేటప్పుడు చవక టికెట్ కొన్నా పరవాలేదు, తిరుగు ప్రయాణానికి మాత్రం కాస్త ఎక్కువైనా మార్చుకోగలిగే టికెట్టే తీసుకోండి. తెల్లారాక ఎవరింటికి వెళ్లాలనిపిస్తుందో ముందే చెప్పలేం.