కొట్టం గోడలోని సన్యాసి మొహం

మా ఫాదరుగారు పోయారు. చౌక్తడాలో నేను పనిచేసే ఆఫీసుకు చర్చి వంటమనిషి వచ్చి, "మీ సయా, మీ గురువు, పోయినాడు" అని తనకొచ్చిన తెలుగులో చెప్పాడు. అప్పటికే పూడ్చిపెట్టేశారట. ఈ రంగూన్‌లో ఆయనకు నా అనేవాళ్లు లేరని ఎవరికీ కబురు పంపలేదు. నేనున్నానని ఎవరికీ తోచలేదు. ఆ కోపం నాకింకా తగ్గలేదు.

మీకు ఆయన తెలిసి ఉండరు. ఫ్రాన్సు పడమటి కొసన, బ్రిటనీ తీరంలో, ఓ చేపలవాళ్ల పల్లె ఆయనది. పాతికేళ్ల వయసులో ఓడెక్కి వచ్చారు. అలా వచ్చిన ఫాదరులకు తిరిగి వెళ్లే ఆచారం లేదు. బోటాటౌంగ్ రేవులో బస్తాలు మోసే మావాళ్ల పిల్లలకు చదువు చెబుతూ, మావాళ్ల మాటే పట్టేశారు. దొర నోట శ్రీకాకుళం యాస విని కొత్తవాళ్లు నోరెళ్లబెట్టేవారు. ఈ నా ఉద్యోగం ఆయన పెట్టిన భిక్షే.

పాఠం మధ్యలో ఆయన ఊరొచ్చేది. సముద్రం ఒడ్డున వందల ఏళ్లనాటి రాతి మఠం. సన్యాసులు వెళ్లిపోయి కప్పు కూలాక, ఊరివాళ్లు ఆ రాళ్లు మోసుకెళ్లి ఇళ్లు కట్టుకున్నారు. అలా ఫాదరుగారి ఇంటి పశువుల కొట్టం గోడలోకి ఓ చెక్కిన సన్యాసి మొహం వచ్చింది. మేస్త్రీ దాన్ని తలకిందులుగా పెట్టేశాడు.

"మాయమ్మ పాలు పిండతన్నప్పుడు నాను తల కిందికెట్టి సూసీవోన్ని. ఆడూ నవ్వీవోడు, నానూ నవ్వీవోన్ని" అనేవారు. చెప్పిన ప్రతిసారీ, అంత గడ్డంతోనూ, వంగి చూపించేవారు.

పెద్ద యుద్ధం ముగిసిన కొన్నేళ్లకు ఆయన అన్నకొడుకు ఉత్తరం రాశాడు. మఠం బాగుచేస్తున్నారు, ఇంటింటివాళ్లూ రాళ్లు తిరిగి ఇస్తున్నారు, మన రాయీ ఇవ్వమంటావా అని. ఇంటిపెద్ద మాట లేనిదే గోడలో రాయి కదపరట ఆ ఊళ్లో. ఆ ఇంటికి మిగిలిన పెద్ద ఈయనే.

ఆర్నెల్లు జవాబు రాయలేదు. నేనే తొందరపెట్టాను. "దేవుడి రాయి కదా ఫాదరుగారూ, ఇచ్చేయండి" అన్నాను, మహా తెలిసినవాడిలా.

"ఇచ్చీడానికేటి? ఇచ్చీసినాక నాకక్కడ ఏటుంటాదిరా?" అన్నారు.

అయినా ఆ సాయంత్రమే సరేనని రాశారు. పోస్టులో వేసిందీ నేనే. ఆ తర్వాత ఆయన మరి ఆ కథ చెప్పలేదు. పిల్లలు అడిగితే "లెక్కలు సెయ్యండి" అనేవారు. ఆయనకు మిగిలిన ఒక్క ఇంటినీ నా తొందర లాగేసిందని అప్పుడు తెలిసింది. క్షమించమని అడుగుదామని ప్రతి ఆదివారం వెళ్లేవాణ్ని. టీ తాగి వచ్చేసేవాణ్ని.

ఆయన పోయిన పది రోజులకు ఆయన పేర అన్నకొడుకు ఉత్తరం వచ్చింది. వంటమనిషి నాకు తెచ్చిచ్చాడు. ఆయన నేర్పిన నాలుగు ఫ్రెంచి ముక్కలతో కూడబలుక్కుని చదివాను. మఠం గోడ లేచిందట. రాళ్లిచ్చిన ఇళ్ల పెద్దలందరినీ దాని ముందు నిలబెట్టి ఫొటో తీశారట. "నీ చోట ఎవరినీ నిలబడనివ్వలేదు చిన్నాన్నా" అని రాశాడు.

ఫొటో నా ముందే ఉంది. ముసలివాళ్లంతా భుజాలు ఆనించుకుని బిగుసుకుని నిలబడ్డారు. నడుమ ఒక్కచోట మనిషి పట్టేంత ఖాళీ, అందులోంచి మఠం గోడ కనబడుతోంది.