కాంక్రీటులో పాతిన మేకు

గుర్రపు రౌతుల ధైర్యం గురించి ఎవరైనా మైకులో మాట్లాడితే ఇప్పటికీ నాకు ఒళ్లు మండుతుంది. నా కోపం గుర్రాల మీద కాదు, రౌతుల మీదా కాదు. మా చెల్లెలే రౌతు.

తను బీదర్‌లో పశువైద్యం చదువుతోంది. చదువుతో పాటు స్వారీ కూడా నేర్చుకుంది. నేను అదే ఊళ్లో ఒక బిల్డరు దగ్గర సైట్ ఇంజనీరుని. పోయిన చలికాలంలో మార్కెట్ వ్యాపారులు కొందరు కలిసి భాల్కి రోడ్డు పక్కన ఒక ఉత్సవం పెట్టారు. పాతకాలపు గుర్రపు వీరుల ప్రదర్శన దానికి ముఖ్య ఆకర్షణ. మొదట టపా మోసే రౌతులు వస్తారు. గుర్రం ఆపకుండానే ఒకరి చేతి సంచి మరొకరి చేతికి మారాలి. చివరిది సైనికుల ఆట. నేలలో ఒక కర్ర మేకు పాతి ఉంటుంది. గుర్రం పూర్తి వేగంతో వస్తుండగా రౌతు పక్కకు వంగి, బల్లెంతో మేకును పొడిచి, పెకలించుకుని పోవాలి. శత్రువుల డేరాలను ఒకప్పుడు ఇలాగే కూల్చేవారట. ఆ చివరి ఆట మా చెల్లెలిది.

పరుగుకు ముందు దారంతా కాలినడకన చూసుకోవడం తన పద్ధతి. ప్రదర్శన రోజు పొద్దున నేనూ వెంట వెళ్లాను. గుంతలు, రాళ్లు, జారే చోట్లు తను చూసుకుంటోంది. భూమిలో పాతినది ఏది కనిపించినా తన్ని చూడటం నాకు అలవాటు. మేకును తన్నాను. ఇసుమంత కూడా కదల్లేదు. పైన పరిచిన ఎర్రమట్టిని గీకితే కింద కాంక్రీటు.

దీనికి ఇంజనీరింగ్ చదవనక్కర్లేదు. మేకు ఊడకపోతే బల్లెం ఆగిపోతుంది. గుర్రం ఆగదు. ఆ రెండింటికీ మధ్య ఉండేది మా చెల్లెలి భుజం.

కమిటీ పెద్ద కిరాణా హోల్‌సేల్ వ్యాపారి. మేం మామా అనే పిలుస్తాం. అప్పుడే అటు వచ్చాడు.

"మామా, దీనికి కాంక్రీటు ఎవరు పోసిండ్రు?"

"నేనే పోయించిన. ఈ ఎర్ర మొరం మట్టిల నిలవడకపాయె, ఒక్క తీరుగ వంగుతాంది. టీవీల వంకరగ కనవడ్తే మన ఇజ్జత్ ఏం గావాలె?" అంటూ వంగి, రెండు చేతులా మేకును పట్టి గుంజాడు. "చూడు, ఏనుగొచ్చినా కదలదు."

"కదలాలె మామా. అది ఊడొస్తేనే ఆట."

"ఊడిపోయేదానికి పాతుడెందుకయ్యా?"

చుట్టూ ఉన్న వాలంటీర్లు నవ్వారు. ఒకడు తనూ గుంజి చూసి "ఏక్‌దమ్ పక్కా ఉంది సేట్" అన్నాడు.

చెల్లెలు నవ్వలేదు. "నా చెయ్యి ఇరుగుతది మామా. ఇక్కడ కాంక్రీటు ఉంది కాబట్టి, పక్కకు జరిపి ఉత్త మట్టిల ఇంకోటి పాతుండ్రి."

"ఎనుకటి సిపాయిలు గిట్ల నఖరాలు చేసిండ్రా బిడ్డా? గుండె ధైర్యం ఉండాలె," అన్నాడు. మా ముఖాలు చూసి, "సరె, సరె. జరిపిస్త. మీరు పోయి తయారుగాండ్రి," అన్నాడు.

ఎనుకటి సిపాయిల మాట ఆ రోజంతా నా చెవుల్లో రొద పెట్టింది. ఎంత మంది రౌతులు నాడా సరిగ్గా కొట్టని గుర్రం మీద, బాగు చేయించని దారుల్లో పోయి ఉంటారు! పడి చచ్చినవాడికి వీరుడని పేరు పెడతారు. దారి పాడుపెట్టినవాడి పేరు ఎవరూ అడగరు.

సాయంత్రం మామ స్వయంగా గుర్రం దగ్గరికి వచ్చాడు. "మార్పించిన బిడ్డా, బేఫికర్‌గ కొట్టు," అన్నాడు. తను నమ్మింది. బల్లెం తీసుకుని దారి చివరికి వెళ్లిపోయింది.

నేను స్టేజీ వైపు నడిచి, జనం రాకుండా దారి పొడవునా కట్టిన తాడు అవతల నుంచి చూశాను. మేకు సరిగ్గా పాత చోటే ఉంది. జరపకుండా మార్చడం ఎలా కుదురుతుంది? మార్చింది రంగు ఒక్కటే. కొత్తగా తెల్ల రంగు పూశారు.

తాడు కింద నుంచి దూరాను. ఒక వాలంటీరు చొక్కా పట్టుకుంటే విదిలించుకున్నాను. అరిస్తే మైకులో చావుకు వెరవని వీరుల వర్ణన నా గొంతును మింగేసింది. గుర్రం బయల్దేరింది. మేకు పక్కన నిలబడి, సైటులో క్రేను ఆపమని సైగ చేసినట్టు రెండు చేతులూ తల పైన అడ్డంగా పెట్టాను. ఆ సైగ తనకు తెలియదు. తన బల్లెం కిందికి దిగుతూనే ఉంది. డెక్కల అదురు నా కాళ్లలోకి ఎక్కింది. చివరి క్షణంలో బల్లెం మొన పైకి లేచింది. గుర్రం వేడి ఊపిరి ముఖానికి కొట్టేంత దగ్గరగా నన్ను దాటిపోయింది.

"పెకిలించింది! మన వీర వనిత మేకును పెకిలించింది!" అంది మైకు. జనం ఈలలు వేశారు. మేకు నా కాళ్ల పక్కనే, వాళ్లందరి కళ్ల ముందే, తెల్లగా నిలబడి ఉంది.

మామ శాలువాతో వచ్చాడు. "చూసినవా, ఏం కాలే గదా! ఉత్తగనే బుగులువడ్డరు."

చెల్లెలు గుర్రం దిగింది. "ఏం కాలేదు మామా, ఎందుకంటే నేను కొట్టలే," అంది.

"గది ఎవరు చూసిండ్రు తియ్యి! వచ్చే ఏడు ఇంకింత లావుది పెట్టిద్దాం, దూరంకెల్లి గూడ కనవడ్తది. నీకు భయమైతే ఇంకో పిల్లను తెస్తం."

చెల్లెలు శాలువా తీసుకోలేదు. నా వైపు తిరిగి, "అన్నా, నీ బండిల గడ్డపార ఉందా?" అని అడిగింది.

ఉంది. స్టేజీ మీద సన్మానాలు జరుగుతుండగానే తవ్వడం మొదలుపెట్టాను. మామ అక్కడి నుంచే అరిచాడు: "ప్రోగ్రాం అయిపాయె గదయ్యా! ఇంక దాన్ని తీసి ఏం జేస్తవ్?"

కాంక్రీటు మీద గడ్డపార పడ్డ ప్రతిసారీ గుర్రం చెవులు రిక్కిస్తోంది. చెల్లెలు దాని మెడ నిమురుతూ, నేను పని ముగించేదాకా అక్కడే నిలబడింది.