నాజికేయ్ తలకు పెట్టిన కలచెవి

మా బొగ్గుగనుల ఊరు తాష్‌కోమూర్‌లో కలచెవులు చేసేవాళ్లు నలుగురైదుగురు ఉండేవారు. వాళ్లలో సాకిష్ చేతికి పేరు. మూతపడిన స్ఫటికాల ఫ్యాక్టరీలో పన్నెండేళ్లు పనిచేసిన ఆడమనిషి. ఒకే స్ఫటికాన్ని రెండుగా కోసి, ఒక ముక్కను గనిలోకి దిగేవాడి హెల్మెట్‌లోను, రెండోదాన్ని ఇంట్లోవాళ్లు పెట్టుకునే ఉన్ని టోపీలోను రాగి తీగలతో కుట్టేది. అతను మేలుకుని ఉంటే తలపు గుసగుసలా వినిపించేది. నిద్రపోతే కల కళ్లముందు కదిలేది. గనిలో ఫోన్లు పనిచేయవు కాబట్టి మా ఆడవాళ్లకు అదే ధైర్యం.

తన భర్త షార్షెన్ కోసం చేసిన జత మాత్రం ఎన్నడూ సరిగా పలకలేదు. టోపీలో గరగర తప్ప ఏమీ వచ్చేది కాదు.

"ఊరందరికీ చేస్తావు, నా బుర్ర దగ్గరికొచ్చేసరికి నీ పనితనం ఏమవుతుందో" అని అతను ఎకసెక్కాలాడేవాడు.

"లోపల ఏమన్నా ఉంటే కదా వినపడ్డానికి" అనేది సాకిష్.

గనిలో ఉన్నవాడు ఎవరిని తలచుకుంటే కలచెవి వాళ్ల తలకే పలుకుతుంది. ఆ సంగతి ఆమెకు తెలియనిది కాదు. అయినా స్ఫటికంలోనే ఏదో జీర ఉందని తొమ్మిదేళ్లు తనకు తాను చెప్పుకుంది.

మార్చిలో గని కప్పు కూలింది. షార్షెన్, మరో ఇద్దరు లోపల ఉండిపోయారు. ఆ ఇద్దరూ పెళ్లికాని కుర్రాళ్లు, కలచెవులు లేనివాళ్లు. నేనూ పలుగు పట్టినవాణ్ణే. ఆరు రోజులు తవ్వాం. గొట్టాల మీద కొట్టి చూశాం. బదులు లేదు. ఆరో రోజు పొద్దున రక్షణ బృందం పెద్ద ఒస్మోన్‌కుల్ తవ్వకం ఆపుతున్నామన్నాడు.

సాకిష్ టోపీ తీయకుండానే అతనికి అడ్డం నిలబడింది. "గరగర వస్తోందన్నా. బతికున్న తలకు తగిలుంటేనే వస్తుంది."

"ఎక్కడున్నాడో చెప్పు తల్లీ, తవ్విస్తా. గరగర పట్టుకుని కొండంతా ఎట్లా తవ్వను?"

సాకిష్ గబగబా కొండ దిగి, రైలు స్టేషన్ దగ్గర రొట్టెలు కాల్చే నాజికేయ్ దగ్గరకు వెళ్లింది. నాజికేయ్ షార్షెన్ మొదటి భార్య. పిల్లలు లేరని అత్తగారు పోరుపెట్టి పదకొండేళ్ల కిందట ఆమెను పంపించేసింది. సాకిష్‌తో ఆమె అప్పటివరకూ ఒక్క మాట మాట్లాడి ఎరగదు. అక్కడ ఏం జరిగిందో నాజికేయే తర్వాత నాకు చెప్పింది.

"ఇది పెట్టుకో అక్కా."

"నేనెందుకు? పెళ్లానివి నువ్వు."

"నా తలకి పలకదు. నీ తలకి పలుకుతుంది."

నాజికేయ్ చేతులకున్న పిండి దులుపుకుంది. "ఎవరన్నా చూస్తే ఏమనుకుంటారు?"

"ఆరు రోజులైంది. కాళ్లు పట్టుకోమంటే పట్టుకుంటా."

టోపీ పెట్టుకున్న నాజికేయ్ పిండి బస్తా మీద కూర్చుంది. కళ్లు మూసుకుని చెప్పింది. "కొండ మీది మా పాత ఇల్లు. నిద్రలో ఉన్నాడు. నేను పక్కన ఉన్నా. చూరు నుంచి నీళ్లు కారుతున్నాయి. నెత్తి మీద రైలు పోతోంది."

"ఆ ఇంటి దగ్గర రైలు ఉందా?"

"అక్కడ రైలెక్కడిది?"

నిద్రపోయేవాడి చెవిలో పడిన చప్పుడు కలలోకి దూరుతుందని సాకిష్‌కు తెలుసు. గోడ గడియారం చూసింది. పదకొండూ ఇరవై. స్టేషన్‌లోకి పరుగెత్తి అడిగితే, ఆ నిమిషంలో కదులుతున్నది బొగ్గు వ్యాగన్ల రైలు ఒక్కటేననీ, అది రెండో మలుపు మీద ఉందనీ చెప్పారు. ఆ మలుపు కింద నలభై ఏళ్ల కిందట మూసేసిన పాత గని సొరంగం ఉంది. మేము తవ్వుతున్నది దానికి అవతలి వైపు.

ఇద్దరూ గని దగ్గరకు వచ్చారు. "అసలు ఏం కనిపించింది?" అని ఒస్మోన్‌కుల్ అందరి ముందూ అడిగాడు. నాజికేయ్ తల దించుకుంది.

"నా మొగుడు ఈవిడ పక్కన పడుకున్నట్టు కల కంటున్నాడు" అంది సాకిష్. "నెత్తిన రైలు పోతోంది. ఇంకేమన్నా చెప్పాలా?"

వెనక ఎవడో నవ్వబోయి మింగేశాడు. మేము పలుగులు తీసుకుని మలుపు దగ్గరకు నడిచాం.

రెండు రోజులు తవ్వాం. ఆ ఇద్దరు ఆడవాళ్లూ పట్టాల పక్కనే కూర్చున్నారు. రెండో రోజు మధ్యాహ్నం నాజికేయ్ సాకిష్ చెయ్యి పట్టుకుంది.

"కల ఆగిపోయింది."

"గరగర?"

"లేదు."

సాకిష్ చుట్టూ చూసి గొంతు తగ్గించింది. "ఎవరికీ చెప్పకక్కా. చెబితే ఆపేస్తారు. లోపల ఇంకా ఇద్దరున్నారు."

ఆ తర్వాత ఒస్మోన్‌కుల్ వచ్చి అడిగిన ప్రతిసారీ నాజికేయ్ "వినపడుతోంది" అంది. నాలుగు గంటలు అలా అంటూనే ఉంది. సాకిష్ మాకు టీ పోసింది. సగం కప్పుల బయటే పడింది. అలసట అనుకున్నాం.

సాయంత్రానికి దారి పడింది. కుర్రాళ్లిద్దరూ ప్రాణాలతో వచ్చారు. షార్షెన్‌ను నేనూ ఒస్మోన్‌కుల్ మోసుకొచ్చాం. హెల్మెట్ తలకే ఉంది.

చావింటి ఆచారం ప్రకారం సాకిష్ వాకిట్లో డేరా వేశారు. పోయినవాడి భార్య నల్ల బట్టలు కట్టుకుని గోడకేసి తిరిగి ఏడ్చే చోట, సాకిష్ తన పక్కన నాజికేయ్‌ను కూర్చోబెట్టింది.

"ఎప్పుడో పోయినదానికి ఇక్కడేం పని?" అంది అత్తగారు.

"కూర్చోనీ అత్తమ్మా. ఆఖరుకు ఆయన దగ్గర ఉన్నది ఈవిడే."

ఆ తర్వాత వాళ్లిద్దరూ స్నేహితులేమీ కాలేదు. బజారులో ఎదురుపడితే తల ఊపుకుని వెళ్లిపోయేవారు. సాకిష్ మళ్లీ కలచెవి కుట్టలేదు. బతికొచ్చిన కుర్రాళ్లు కృతజ్ఞతగా ఒక గొర్రెను తోలుకొస్తే, నాజికేయ్‌కు ఇవ్వమని పంపేసింది. నాజికేయ్ తిప్పి పంపింది. వారం రోజులు ఆ గొర్రె ఆ వాకిట్లోంచి ఈ వాకిట్లోకి తిరిగింది. చివరకు దాన్ని షార్షెన్ పోయిన నలభయ్యో రోజు భోజనాలకు కోశారు. రొట్టెలు నాజికేయ్ పంపింది. తను రాలేదు.